పూరిళ్లు అంటుకుంటే ఫైరింజన్ వచ్చేలోపు

శ్రీకాకుళం జిల్లా ఉద్దానం ఊళ్లలో చూరుకి చూరు తగిలేలా కట్టిన పూరిళ్లు ఇంకా ఉన్నాయి. వేసవిలో ఎండిన ఆకుకప్పు కూలడానికి పది పదిహేను నిమిషాలు చాలు. ముందు 101కి ఫోన్ చేసి ఊరు, మండలం, బండి పట్టే దారి చెప్పండి. రోడ్డు మలుపులో ఒక మనిషిని నిలబెట్టండి.

తర్వాత అందరూ చేసే తప్పు, నీళ్లన్నీ కాలుతున్న ఇంటి మీదే పొయ్యడం. లోపల ఎవరూ లేరని తేలితే ఆ కప్పుని వదిలెయ్యండి. కాపాడాల్సింది గాలివాటున ఉన్న పక్కిల్లు.

గుప్పెడు దుమ్ము ఎగరేసి గాలి చూడండి. మధ్యాహ్నం సముద్రం గాలి మొదలైతే పొద్దుటి లెక్క పనికిరాదు. పక్కింటి కొప్పు మీద తడి గోనెసంచులు పరిచి, కొప్పు నుంచి చూరుకి తడపండి. చూరు దగ్గర పోసిన నీళ్లు నేలపాలే. నిచ్చెన దిగొద్దు, పాత ఆకు మీద కాలేస్తే వాసాల మధ్య లోపలికి పడతారు. అవతలి కప్పుల మీద రవ్వలు పడితే కొట్టడానికి పచ్చి కొబ్బరిమట్టలతో మనుషుల్ని ఉంచండి.

సందు లేనిచోట పక్కింటి చూరు ఊడదియ్యాల్సిందే. పదిహేనడుగుల వెదురుగెడకి ఇనుప కొక్కెం బిగించి పెట్టుకోండి. తాడుతో కట్టొద్దు, కాలిపోతుంది, ఇనుపతీగ చుట్టండి. వందేళ్ల కిందట పట్నాల్లో ఫైర్ పనివాళ్ల చేతిలోనూ ఇలాంటి కొక్కేలే ఉండేవి. కింద నిలబడకుండా పక్క నుంచి లాగి, ఊడిన ఆకుని వెంటనే దూరంగా ఈడ్చెయ్యండి.

కరెంటు దగ్గర చిక్కుంది. తీగ తెగి పడితే నీళ్లు పోసేవాడికే ప్రాణం మీదికొస్తుంది, కాబట్టి లైన్‌మేన్‌తో సరఫరా ఆపించాలి. ఆపితే బోరు మోటార్లూ ఆగుతాయి. అందుకే వేసవంతా వీధికి రెండు 200 లీటర్ల డ్రమ్ములు నిండుగా ఉండాలి. అవి అయిపోతే బక్కెట్ల వరస: 30 మీటర్లకి 30 మంది, చేతికి చెయ్యి అందేలా. 15 లీటర్ల బక్కెట్‌లో 10 లీటర్లే నింపండి. నిండుగా పోస్తే దారిలో ఒలికిపోతుంది, కాసేపటికే చేతులు పడిపోతాయి. ఖాళీ బక్కెట్లకి వేరే వరస పెట్టండి.

గ్యాస్ సిలిండర్‌కి మంట తగలకపోతే రెగ్యులేటర్ కట్టేసి బయటికి తెండి. తగిలితే దగ్గరికి వెళ్లొద్దు.

పశువుల పలుపు కోసేసి వదిలేస్తే బెదిరి మళ్లీ పాకలోకే పోతాయి. గాలికి ఎదురుగా, దూరంగా కట్టెయ్యండి.

మంట ఆరాక తాటి దూలాల్లో, వెదురు కణుపుల్లో నిప్పు దాగుతుంది. దూలం పైకి నల్లగా చల్లారినట్టే ఉంటుంది. అరచేతి వెనకవైపు దగ్గరగా పెడితే సెగ తెలుస్తుంది. అక్కడ గొడ్డలితో చీల్చి నీళ్లు పొయ్యండి. తెల్లారేదాకా ఇద్దరు కాపలా ఉండి, గంటకోసారి చూడాలి.