అమెరికా కాలేజీ ఫుట్‌బాల్: బొమ్మ టీవీలో, వ్యాఖ్యానం రేడియోలో

ముందు యూనివర్సిటీ అథ్లెటిక్స్ సైట్‌లో షెడ్యూల్ తెరవండి. మ్యాచ్ పక్కనే ఛానెల్ పేరుంటుంది. ఏబీసీ, సీబీఎస్, ఎన్‌బీసీ, ఫాక్స్ అయితే అక్కడ మామూలు యాంటెన్నా చాలు. ఎస్ఈసీ నెట్‌వర్క్, బిగ్ టెన్ నెట్‌వర్క్‌లకు కేబుల్ లేదా స్ట్రీమింగ్ చందా కట్టాలి.

వ్యాఖ్యానం మాత్రం సొంత జట్టు రేడియోదే వినాలి. ఆ కుర్రాళ్ల ఆట ఏడాది పొడవునా చూసేది ఆ వ్యాఖ్యాతలే. ‘వర్సిటీ నెట్‌వర్క్’ అనే యాప్‌లో చాలా జట్ల రేడియో ప్రసారాలు ఉచితం. చిక్కల్లా ఒకటే: యాప్ మాట సాధారణంగా యాంటెన్నా బొమ్మకంటే వెనకబడుతుంది. పాజ్ చేయగల రికార్డర్ బాక్స్ ఉంటే, కిక్‌ఆఫ్‌లో (ఆట మొదలుపెట్టే తన్నులో) కాలు బంతికి తగిలిన క్షణాన బొమ్మ ఆపండి. రేడియోలో ఆ మాట రాగానే ప్లే నొక్కండి. నెట్ తడబడి మళ్లీ తేడా వస్తే, తర్వాతి కిక్ దగ్గర ఇదే చేయాలి.

న్యూయార్క్ సమయం మధ్యాహ్నం 12 గంటల ఆట ఇండియాలో రాత్రి 9:30కి మొదలవుతుంది. నవంబరు మొదటి ఆదివారం అక్కడ గడియారాలు మారాక 10:30కి.