కార్పొరేషన్ రద్దయింది: బకాయి ఎవరిని అడగాలి?

కార్పొరేషన్ మూతపడగానే ఉద్యోగులు ఎక్కువమంది చేసే పని ఒకటే. జీతం, గ్రాట్యుటీ, పీఎఫ్, లీవ్ ఎన్‌క్యాష్‌మెంట్ అన్నీ ఒకే అర్జీలో కలిపి రాసి శాఖ ముఖ్య కార్యదర్శికి పంపేస్తారు. అది ఆఫీసులన్నీ తిరిగొచ్చేసరికి గడువులు దాటిపోతాయి. ప్రతి బకాయికీ చెల్లించాల్సినవారు వేరు, వెళ్లాల్సిన చోటు వేరు, గడువూ వేరే. వాటిని విడదీసుకోవడంతోనే పని మొదలుపెట్టాలి.

ముందు పాత పే స్లిప్ తీసి సంస్థ పేరు చివర ఏముందో చూడండి. ‘లిమిటెడ్’ అని ఉంటే అది సాధారణంగా కంపెనీల చట్టం కింద నమోదైన ప్రభుత్వ కంపెనీ. దాన్ని మూసేటప్పుడు ఆస్తులు అమ్మి అప్పులు తీర్చే లిక్విడేటర్ వస్తాడు. లేకపోతే సొసైటీగా నమోదైందా, ప్రత్యేక చట్టం ద్వారా పుట్టిందా తేల్చుకోవాలి. ఆర్టీసీ రెండో రకం. 1950 నాటి రోడ్డు రవాణా కార్పొరేషన్ల చట్టం 39వ సెక్షన్ ప్రకారం దానికి కంపెనీల మూసివేత నిబంధనలు వర్తించవు, రాష్ట్ర ప్రభుత్వ ఉత్తర్వు లేకుండా లిక్విడేషన్ ఉండదు. ఇలాంటి సంస్థ రద్దయితే ఆధారం రద్దు చట్టమో జీవోనో, అంతే.

ఆ జీవోలో ‘అసెట్స్ అండ్ లయబిలిటీస్ షల్ వెస్ట్’ (ఆస్తులూ అప్పులూ ఫలానావారికి సంక్రమిస్తాయి) అనే వాక్యం వెతకండి. ఎవరికి సంక్రమిస్తాయి, ఏ తేదీ నుంచి, ఏవి మినహాయించారు అన్నవి మూడూ అక్కడే తేలుతాయి. ‘అసెట్స్’ మాత్రమే ఉండి ‘లయబిలిటీస్’ లేకపోతే అసలు గొడవ అక్కడే. బాగా రాసిన పత్రం ఎలా ఉంటుందో తెలియాలంటే ఆంధ్రప్రదేశ్ రాష్ట్ర విద్యుత్ బోర్డు విభజన చూడొచ్చు. 1999 ఫిబ్రవరి 1న జెన్‌కో, ట్రాన్స్‌కోలుగా విడిపోయినప్పుడు ఆస్తులతో పాటు ఉద్యోగులు, వారి పింఛను బాధ్యత ఎవరి వంతో ముందే తేల్చారు. ఉమ్మడి రాష్ట్ర సంస్థలైతే జీవోతో పాటు 2014 పునర్విభజన చట్టం తొమ్మిదో షెడ్యూలు కూడా చూడాలి.

జీవో దొరక్కపోతే సమాచార హక్కు చట్టం కింద అడగండి. రుసుము 10 రూపాయలు, జవాబుకు 30 రోజులు. ‘నా బకాయి ఎందుకు ఇవ్వలేదు’ అని అడిగితే పనికొచ్చే జవాబు రాదు. రద్దు ఉత్తర్వు, బదిలీ చేసిన బాధ్యతల జాబితా, చివరి ఆడిట్ బ్యాలెన్స్ షీట్‌ల నకళ్లు కావాలని రాయండి. బ్యాలెన్స్ షీట్‌లో ఉద్యోగుల బకాయిలకు ప్రొవిజన్ (పక్కన పెట్టిన కేటాయింపు) చూపించి ఉంటే, బాకీ ఉన్నట్టు సంస్థ తన చేత్తోనే రాసుకున్నట్టు.

ఒక జాగ్రత్త. 2025 నవంబరు 21 నుంచి పాత కార్మిక చట్టాల స్థానంలో లేబర్ కోడ్‌లు అమల్లోకి వచ్చాయి. కింద చెప్పే గ్రాట్యుటీ, పారిశ్రామిక వివాదాల చట్టాల నిబంధనలు ఆ తేదీకి ముందు తలెత్తిన బకాయిలకు.

గ్రాట్యుటీ లెక్క మీరే కట్టుకోండి, వాళ్లిచ్చిన అంకె నమ్మొద్దు. చివరి బేసిక్, డీఏ కలిపి 31,200 రూపాయలు, సర్వీసు 22 ఏళ్ల 7 నెలలు అనుకుందాం. 31,200ను 26తో భాగించి 15తో గుణిస్తే ఏడాదికి 18,000. ఆరు నెలలు దాటిన ముక్క పూర్తి ఏడాది కింద లెక్క కాబట్టి 23 ఏళ్లు, మొత్తం 4,14,000. గరిష్ఠ పరిమితి 2018 మార్చి 29 నుంచి 20 లక్షలు. ముందు యాజమాన్యానికో బాధ్యత సంక్రమించినవారికో ‘ఐ’ ఫారం ఇవ్వాలి. పని జరగకపోతే 90 రోజుల్లో కంట్రోలింగ్ అథారిటీ (గ్రాట్యుటీ వివాదాలు తేల్చే అధికారి) దగ్గర ‘ఎన్’ ఫారం. ఆలస్యమైతే కారణం చూపి మన్నించమని అడగొచ్చు.

పీఎఫ్‌కు సచివాలయం చుట్టూ తిరగక్కర్లేదు. డబ్బు ఈపీఎఫ్‌వోలో జమై, యూఏఎన్‌కు (మీ పీఎఫ్ ఖాతా నంబరుకు) ఆధార్, బ్యాంకు ఖాతా జత అయి ఉంటే యజమాని సంతకం లేకుండానే క్లెయిం వేయొచ్చు. జీతంలో కోసి జమ చేయకపోతే పీఎఫ్ కమిషనర్‌కు 7ఏ విచారణ (యజమాని కట్టాల్సిన బాకీ తేల్చే విచారణ) కోరుతూ ఫిర్యాదు ఇవ్వండి. 1952 పీఎఫ్ చట్టం 17బీ సెక్షన్ కింద సంస్థను తీసుకున్నవారు కూడా పాత బకాయికి ఉమ్మడి బాధ్యులే, తమకు దక్కిన ఆస్తుల విలువ మేరకు.

లిక్విడేటర్ ఉన్నచోట అతని పత్రికా ప్రకటనలోని గడువు దాటనివ్వకండి. దివాలా కోడ్ 53వ సెక్షన్ ప్రకారం కార్మికుల 24 నెలల బకాయి తాకట్టు రుణదాతలతో సమానంగా వస్తుంది. మిగతా ఉద్యోగులకు 12 నెలల జీతం, అదీ వారి తర్వాతే. పీఎఫ్, పింఛను, గ్రాట్యుటీ నిధుల్లో ఉన్న సొమ్ము లిక్విడేషన్ ఆస్తిలోకి రాదు. క్లెయింలో వాటిని జీతంతో కలపకుండా వేరే వరుసలో చూపండి.

కార్మికుడి నిర్వచనంలోకి వచ్చేవారికి మూసివేత పరిహారం వేరే ఉంది, పారిశ్రామిక వివాదాల చట్టం 25ఎఫ్ఎఫ్ఎఫ్ సెక్షన్ కింద ఏడాదికి 15 రోజుల సగటు వేతనం. నష్టాలొచ్చాయన్న ఒక్క సాకుతో దాన్ని మూడు నెలలకు కుదించడం కుదరదు. జీతం బకాయికి అదే చట్టం 33సీ(2) కింద లేబర్ కోర్టుకు వెళ్లొచ్చు. అయితే ఆ కోర్టు ఉన్న హక్కుకు లెక్క మాత్రమే కడుతుంది. అసలు హక్కే లేదని అవతలివాళ్లు వాదించే పీఆర్సీ (వేతన సవరణ) తేడాల్లాంటివి అందులో వేస్తే కొట్టేస్తారు. చాలా కేసులు పోయేది ఇక్కడే.

‘ప్రభుత్వ సంస్థే కదా, ప్రభుత్వమే ఇవ్వాలి’ అన్న వాదన సగమే నిలుస్తుంది. 2003లో కపిలా హింగోరానీ కేసులో సుప్రీంకోర్టు బిహార్ ప్రభుత్వాన్ని దాని ప్రభుత్వ సంస్థల ఉద్యోగుల జీతాల కోసం 50 కోట్లు డిపాజిట్ చేయమంది. అన్ని సందర్భాల్లోనూ ప్రభుత్వమే బాధ్యురాలని తాను చెప్పడం లేదనీ అందులోనే అంది. కాబట్టి హైకోర్టులో రాజ్యాంగం 226 అధికరణ కింద రిట్ వేసేటప్పుడు ఈ తీర్పు ఒక్కదాని మీదే ఆధారపడొద్దు. సంక్రమణ వాక్యం, ప్రొవిజన్, ప్రభుత్వం తీసుకున్న భూములు, భవనాల వివరాలు జతచేయండి. రిట్ కాకుండా సివిల్ దావా వేస్తే, ప్రభుత్వానికి రెండు నెలల ముందు సీపీసీ (సివిల్ ప్రొసీజర్ కోడ్) 80వ సెక్షన్ నోటీసు ఇవ్వాలి. జీతం బకాయికి కాలపరిమితి మూడేళ్లు.

వీఆర్‌ఎస్ (స్వచ్ఛంద పదవీ విరమణ) కాగితం మీద సంతకం పెట్టేముందు ‘ఫుల్ అండ్ ఫైనల్’ (ఇక ఏ బాకీ లేదు) అన్న మాట ఉందేమో చూడండి. 2003లోనే ఏకే బిందాల్ కేసులో, వీఆర్‌ఎస్ సొమ్ము తీసుకున్నాక పాత వేతన సవరణ అడగడానికి లేదని సుప్రీంకోర్టు చెప్పింది. ఇంకా రావాల్సినవి ఉంటే వాటిని పేరుపేరునా మినహాయిస్తున్నట్టు ఆ దరఖాస్తులోనే రాయించుకుని, అందినట్టు ముద్ర వేసిన నకలు దగ్గర పెట్టుకోండి.