ఎముక విరిగినప్పుడు – మూడవ పాఠం: కట్టు వేసిన తొలి రెండు రోజులు

విరిగిన ఎముక అతుక్కునే క్రమాన్ని గత పాఠంలో చూశాము. విరిగిన చోట గడ్డకట్టిన నెత్తురులోనికి కణాలు చేరి, రెండు మూడు వారాలలో మెత్తని అతుకును, ఆపైన సున్నం పట్టిన గట్టి అతుకును కడతాయి. పెద్దవారిలో మణికట్టుకు సుమారు ఆరు వారాలు, మోకాలి కింది పెద్ద ఎముకకు మూడు నాలుగు నెలలు పట్టే ఈ పని పిల్లలలో చాలా త్వరగా ముగుస్తుంది. ఎముక ఇలా వారాల తరబడి తీరికగా అతుకుతుండగా, నెత్తురు అందని కండరం మాత్రం కొద్ది గంటలలోనే చావడం మొదలుపెడుతుంది. అందుచేత కట్టు బయట కనిపించే వేళ్లను బట్టి లోపలి ప్రమాదాన్ని పసిగట్టడం ఒక్కటే ఈ పాఠంలో నేర్చుకుందాము.

జామచెట్టు మీదినుండి జారి, చేయి నేలకు ఊని పడిన ఏడేళ్ల పిల్లవానిని ఉదాహరణగా తీసుకుందాము. ఈ వయసులో అలా పడితే తరచుగా విరిగేది మోచేతికి కాస్త పైన, దండచేతి ఎముక కింది భాగం. ముంజేతికి వెళ్లే ప్రధాన రక్తనాళమూ, ఒక ముఖ్యమైన నరమూ సరిగ్గా దాని ముందునుంచే సాగుతాయి కనుక, విరిగిన అంచు జరిగితే అవి నలిగే అవకాశం ఉంది. పైగా ముంజేతి కండరాలను సాగని పొరలు అరలు అరలుగా చుట్టి ఉండటం వలన, వాపు పెరిగేకొద్దీ అరలో ఒత్తిడి పెరిగి సన్నని రక్తనాళాలు మూసుకుపోతాయి. వైద్యులు దీనిని కంపార్ట్‌మెంట్ సిండ్రోమ్ అంటారు. ఆసుపత్రిలో వేసిన పిండికట్టయినా, పుత్తూరులో వెదురుబద్దలతో వేసిన కట్టయినా, బిగుతుగా ఉంటే ఈ ఒత్తిడికి తోడ్పడేదే.

గుర్తించకపోతే చచ్చిన కండరం మచ్చగా మారి కుంచించుకుపోతుంది. మణికట్టు లోపలికి వంగి, వేళ్లు కొంకర్లు పోతాయి. బిగుతు కట్ల తరువాత వచ్చే ఈ వైకల్యాన్ని 1881లో జర్మన్ శస్త్రవైద్యుడు రిచర్డ్ ఫాన్ ఫోల్క్‌మన్ వర్ణించాడు, నేటికీ ఆయన పేరుతోనే పిలుస్తున్నారు.

చాలామంది మొదట వేళ్ల రంగు చూస్తారు గాని, అన్నిటికంటే ముందు పలికేది నొప్పి. మందు పడిన తరువాత నెమ్మదించవలసిన నొప్పి గంటగంటకూ ఎక్కువవుతూ, పిల్లవాడు కుదురు లేక కలతపడుతూ మళ్లీ మళ్లీ మందు అడుగుతుంటే అనుమానించాలి. అప్పుడు ముడుచుకున్న వేలి కొనను పట్టుకుని, మెల్లగా నిటారుగా చాచండి. ముంజేతిలో ఓర్వలేని నొప్పి పుడితే అది గట్టి హెచ్చరిక. మణికట్టు దగ్గర నాడి కొట్టుకుంటున్నదని ధైర్యపడవద్దు, లోపల కండరం చస్తున్నా నాడి అందుతూనే ఉండవచ్చు.

తరువాత నరాలు. బొటనవేలు, చూపుడువేలు కొనలు కలిపి సున్నా చుట్టమనండి, బొటనవేలు పైకెత్తమనండి, చివరగా వేళ్లన్నీ విసనకర్రలా విప్పమనండి. ఈ మూడు పనులూ మూడు వేర్వేరు నరాలవి. సున్నా గుండ్రంగా రాక కొనలు చదునుగా ఆనినా, వేళ్లు తిమ్మిరెక్కినా వైద్యునికి చెప్పాలి. గోరును తెల్లబడేదాకా నొక్కి వదిలితే సుమారు 2 సెకన్లలో ఎరుపు తిరిగి రావాలి. చలికి కూడా ఇది ఆలస్యమవుతుంది గనుక రెండవ చేతితో పోల్చి చూడండి.

హెచ్చరిక కనబడితే తెల్లవారేదాకా ఆగకూడదు. ఎముకల శస్త్రచికిత్స చేసే ఆసుపత్రిలో కట్టును లోపలి దూదితో సహా చర్మం కనబడేదాకా చీలుస్తారు, అప్పటికీ తగ్గకపోతే కండరం మీది పొరను కోసి ఒత్తిడిని వదులుతారు. వాపు తగ్గడానికి చేతిని ఎత్తుగా ఉంచమనే సలహా మామూలు వేళలకు సంబంధించినది. ఈ స్థితిలో ఎత్తితే అందే నెత్తురు ఇంకా తగ్గుతుంది కాబట్టి, దారిలో చేతిని గుండె మట్టంలోనే ఉంచాలి.

కట్టు విప్పాక బిగిసిన మోచేతికి నూనె రాసి మర్దించి, బలవంతంగా సాగదీసే అలవాటు మన ఇళ్లలో ఇంకా పోలేదు. దానివలన కండరంలో ఎముక పెరిగి, మోచేయి మరింత బిగిసే ప్రమాదం ఉన్నది. పిల్లవాడు తనంతట తాను ఆడించుకుంటే చాలావరకు వదులవుతుంది.

అభ్యాసం: ఏ దెబ్బా లేని పిల్లల చేతి మీద పై పరీక్షలన్నీ ఒకసారి పగటి వెలుగులో, మరొకసారి టార్చి వెలుగులో చేసి చూడండి. నిజంగా అవసరమైననాడు తొలి 48 గంటలూ, రాత్రి నిద్ర లేపి అయినా, గంట రెండు గంటలకొకసారి ఇదే వరుసలో చూసి, వేళతో సహా కాగితం మీద రాసి ఉంచాలి. కట్టు చీల్చాలా వద్దా అని నిర్ణయించే వైద్యుడు మొదట అడిగేది నొప్పి ఎప్పటినుండి పెరుగుతున్నదనే.