18 కేబీల ఫైలు, 46 లంకెలు

కావలి ట్రంకు రోడ్డులో మాదొక చిన్న నెట్ సెంటర్. ఆధార్ ప్రింట్లు, హాల్‌టికెట్లు, పాన్ దరఖాస్తులతోనే రోజు గడిచిపోతుంది. కార్తీకమాసపు వానల్లో, కరెంటు వస్తూ పోతూ ఉన్న ఒక మధ్యాహ్నం, రిటైరైన తెలుగు మాస్టారు ఒకరు పెన్‌డ్రైవ్ పట్టుకుని వచ్చారు.

"అమ్మాయ్, ఇందులో పాత పుస్తకాలున్నాయట. బెంగళూరు నుంచి మనవడు పంపాడు. నా లాప్‌టాప్‌లో ఎంత నొక్కినా తెరుచుకోవడం లేదు."

పెన్‌డ్రైవ్‌లో ఉన్నది ఒకే ఫైలు. పేరు చివర డాట్ డీఎల్‌సీ. సైజు 18 కేబీ. "మాస్టారూ, ఇంత చిన్న ఫైల్లో మంచి ఫొటో ఒక్కటి కూడా పట్టదు, పుస్తకాలెక్కడివి?" అన్నాను. ఆయన ముఖం చిన్నబోయింది. మనవడు మోసం చేశాడనుకున్నారు పాపం.

మోసమేమీ లేదు. డీఎల్‌సీ అంటే డౌన్‌లోడ్ లింక్ కంటైనర్. అందులో సరుకు ఉండదు, సరుకు ఏయే గోదాముల్లో ఉందో రాసిన చీటీ, అంటే ఇంటర్నెట్ లంకెల జాబితా, ఉంటుంది. ఆ చీటీని గూఢలిపిలో రాసి మడత పెట్టారంతే. కంప్యూటర్ ఆటల వాళ్లు కూడా డీఎల్‌సీ అనే మాట వాడతారు, దానికీ దీనికీ సంబంధం లేదు.

నోట్‌ప్యాడ్‌లో తెరిచి ఆయనకు చూపించాను. సందు లేకుండా ఇంగ్లిషు అక్షరాలు, అంకెలు, తెర నిండా. ఆ గందరగోళంలోనూ ఒక పద్ధతి ఉంది. చివరి 88 అక్షరాలు తాళంచెవికి సంబంధించినవి, వాటికి ముందున్నదంతా తాళం వేసిన జాబితా. ఫైలును తెరిచే సాఫ్ట్‌వేర్ ఆ 88 అక్షరాలను ఇంటర్నెట్ ద్వారా తన సర్వర్‌కు పంపి, అక్కడి నుంచి వచ్చిన జవాబుతో తాళం తీస్తుంది. అందుకే నెట్ లేకపోతే ఈ ఫైలు ఏ కంప్యూటర్‌లోనూ తెరుచుకోదు. మాస్టారి ఇంట్లో వానకు నెట్ పోయి మూడు రోజులైందట.

పనిలోకి దిగే ముందు ఒక జాగ్రత్త. విండోస్ ఫైలు పేరులోని చివరి ముక్కను దాచేస్తుంది. డాట్ డీఎల్‌సీ అని కనిపించినా దాని వెనక డాట్ ఈఎక్స్ఈ, అంటే నొక్కగానే నడిచే ప్రోగ్రాం, నక్కి ఉండవచ్చు. విండోస్ 11లో ఏదైనా ఫోల్డర్ తెరిచి, వ్యూ, షో, ఫైల్ నేమ్ ఎక్స్‌టెన్షన్స్ అన్న చోట టిక్కు పెట్టండి. విండోస్ 10లో పైనున్న వ్యూ ట్యాబ్‌లోనే ఆ టిక్కు ఉంటుంది. ఈఎక్స్ఈ కనబడితే తెరవకుండా తీసేయండి.

తెరవడానికి నేను వాడేది జేడౌన్‌లోడర్. ఉచితం. విండోస్, మ్యాక్, లినక్స్ మూడింటికీ దొరుకుతుంది. సొంత వెబ్‌సైటు నుంచి మాత్రమే దించుకోండి. ఉచిత సాఫ్ట్‌వేర్ ఇన్‌స్టాల్ చేసేటప్పుడు మధ్యలో వేరే సరుకు అంటగట్టే పేజీలు వస్తుంటాయి. ఏ సాఫ్ట్‌వేర్ అయినా సరే, ప్రతి పేజీ చదివి, వద్దు అన్న బటన్ వెతికి నొక్కాలి. తొందరపడి నెక్స్ట్ నెక్స్ట్ అని నొక్కుకుంటూ పోయిన వాళ్ల కంప్యూటర్లను బాగు చేసే పని చివరికి నా మీదే పడుతుంది.

మా షాపులో ఉన్నది విండోస్. జేడౌన్‌లోడర్ తెరిచి, లింక్ గ్రాబర్ అనే ట్యాబ్ మీదికి ఫైలును మౌస్‌తో లాక్కొచ్చి వదిలాను. ఫైల్ మెనూలో లోడ్ లింక్ కంటైనర్ నొక్కినా అదే పని జరుగుతుంది. కాసేపటికి 46 లంకెలు వరసగా దిగాయి. మొత్తం దాదాపు 12 జీబీ. "ఇవీ మీ పుస్తకాలు" అంటే మాస్టారు కళ్లజోడు సవరించుకుని ఒక్కొక్కటే లెక్కపెట్టారు.

ఇక్కడే ఆగి చూడాలి. లంకె పక్కన ఆకుపచ్చ టిక్కు ఉంటే ఫైలు బతికి ఉన్నట్లు, ఎర్ర గుర్తు ఉంటే తీసేసినట్లు. పేర్లలో పార్ట్1, పార్ట్2 అని ఉంటే అవన్నీ ఒకే ఆర్ఏఆర్ ఫైలు, అంటే కుదించి కట్టిన మూట, ముక్కలు. 46లో ఒక్కటి పోయినా మూట సరిగా విప్పుకోదు. 12 జీబీ దించుకున్నాక ఏడవడం కంటే ముందే చూసుకోవడం నయం. అన్నీ పచ్చగా ఉంటేనే మొత్తం ఎంచుకుని డౌన్‌లోడ్ మొదలుపెట్టండి. మధ్యలో రెండుసార్లు కరెంటు పోయింది. మొదటి నుంచి కాకుండా ఆగిన చోటు నుంచే మళ్లీ సాగింది. అయితే ఈ వెసులుబాటును అన్ని సర్వర్లూ ఇవ్వవు.

మనవడిది మ్యాక్. అందులో ఇంటెల్ చిప్‌కు ఒక ఇన్‌స్టాలర్, యాపిల్ చిప్‌కు ఒకటి. తెరవబోతే మ్యాక్ అడ్డుపడితే, సెట్టింగ్స్‌లో ప్రైవసీ అండ్ సెక్యూరిటీకి వెళ్లి కిందికి దిగితే ఓపెన్ ఎనీవే కనిపిస్తుంది. మిగతాదంతా విండోస్‌లో లాగే.

మాస్టారి పాత లాప్‌టాప్‌లో మనవడు లినక్స్ మింట్ వేశాడు. అక్కడ దించిన ఇన్‌స్టాలర్‌ను రెండుసార్లు నొక్కినంత మాత్రాన కదలదు. కుడి బటన్ నొక్కి, ప్రాపర్టీస్‌లో పర్మిషన్స్‌కు వెళ్లి, ప్రోగ్రాంగా నడవనివ్వమనే చోట టిక్కు పెట్టాలి. ఆ తర్వాత నొక్కితే ఏం చేయమంటావని అడుగుతుంది, రన్ అనండి. ఈ వరుసంతా ఒక బిల్లు వెనక రాసిచ్చాను.

ఫైలును ఎక్కించమనే, వెంటనే విప్పి చూపిస్తామనే వెబ్‌సైట్లు కూడా ఉన్నాయి. నేను వాడను. ఇంకో మాట, ఈ తాళం గట్టిదేమీ కాదు. ఫైలు చేతికొచ్చిన ఎవరైనా తెరవగలరు కాబట్టి ఇంటి ఫొటోలు, పత్రాల లంకెలు ఇలా పంపకండి. కొత్త సినిమాల డీఎల్‌సీలు తెచ్చేవాళ్లూ ఉన్నారు, వాళ్లను తిప్పి పంపేస్తాను. మన దేశంలో కాపీహక్కు రచయిత పోయాక 60 ఏళ్ల వరకు ఉంటుంది. మాస్టారు తెచ్చినవన్నీ అంతకు చాలా ముందు కాలం నాటి వాళ్లవి.

సాయంత్రానికి మూట విప్పితే మూడు ఐఎస్ఓ ఫైళ్లు (డిస్కు మొత్తాన్ని ఒకే ఫైలుగా చేసినవి) వచ్చాయి, ఒక్కొక్కటి 4 జీబీకి పైనే. పెన్‌డ్రైవ్‌లోకి ఎక్కిద్దామంటే మొండికేసింది. 32 జీబీ ఖాళీగా ఉన్నా చోటు లేదంటుందేమిటని మాస్టారికి కోపం. లోపం చోటుది కాదు. అది ఫ్యాట్32 పద్ధతిలో ఫార్మాట్ అయిన పెన్‌డ్రైవ్. అందులో 4 జీబీ దాటిన ఒక్క ఫైలూ పట్టదు. ఎక్స్‌ఫ్యాట్‌గా మారిస్తే విండోస్‌లో, మ్యాక్‌లో, ఇప్పటి లినక్స్‌లో అన్నింట్లోనూ నడుస్తుంది. ఫార్మాట్ చేస్తే లోపలున్నది తుడిచిపెట్టుకుపోతుంది కాబట్టి ముందుగా ఆ 18 కేబీల ఫైలును పక్కన దాచాను. "చీటీతో ఇంకేం పని, సరుకు వచ్చేసిందిగా" అన్నారు మాస్టారు. అయినా వెనక్కి ఎక్కించే పంపాను.