రహస్య లిపి విప్పుదాం, 3వ పాఠం: ఙ బయటపెట్టిన గుట్టు

పోయిన పాఠంలో క భాష చూశాం. ‘రాము’ని ‘కరాకము’ అనడం. అది చెవికి అయోమయం గానీ కంటికి కాదు. కాగితం మీద పెడితే మూడో తరగతి పిల్లవాడు కూడా క లన్నీ కొట్టేసి చదివేస్తాడు. ఈసారి అక్షరాన్నే మార్చేసే పద్ధతి. తిరుపతిలో ఇద్దరు ఇంటర్ పిల్లలు అందించుకున్న చీటీ మధ్యలో మన చేతికి చిక్కిందనుకోండి:

షేము ఙమిసనీష్పం ఙాథ ఙసుఫ్ఫాం

చూడగానే చాలామంది అక్షరాలను అటూ ఇటూ మార్చి ఏదైనా మాట కుదురుతుందేమోనని కుస్తీ పడతారు. అది టైము దండగ. పెన్సిలు పక్కన పెట్టి, ఇందులో తెలుగుకు నప్పనిది ఏముందో వెతకండి.

ఙ ఉంది. బడిలో దిద్దాక దాని మొహం మళ్ళీ చూసినవాళ్ళెవరు? ‘వాఙ్మయం’ లాంటి ఒకటి రెండు సంస్కృత పదాల్లో తప్ప కనబడదు. అలాంటిది ఇక్కడ ఏకంగా మూడు మాటలకు మొదట నిలబడింది. ఙతో మొదలయ్యే మాట తెలుగులో లేదు. అంటే అక్షరాలు వరసలో జరిగాయి. గుణింతాలు మాత్రం జరగలేదు: చివరి ‘ఆం’ చూడండి, పోదాం, తిందాం అన్నట్టే ఉంది.

ఈ జరపడం పాత విద్యే. జూలియస్ సీజర్ తన ఉత్తరాల్లో ఒక్కో అక్షరానికి బదులు వరసలో మూడు స్థానాల అవతలి అక్షరం రాసేవాడని రోమన్ రచయిత స్వెటోనియస్ చెప్పాడు. మన హల్లులను ఇలా ఒక వరసలో రాసుకుని 1 నుంచి 34 దాకా అంకెలు వేయండి:

క ఖ గ ఘ ఙ చ ఛ జ ఝ ఞ ట ఠ డ ఢ ణ త థ ద ధ న ప ఫ బ భ మ య ర ల వ శ ష స హ ళ

క్ష జంటక్షరం, ఱ వాడుక తగ్గిపోయింది, రెండూ వదిలేశాను. ళ దాటితే మళ్ళీ క.

ఇప్పుడు ఊహ. మాట మొదట్లో తరచుగా వచ్చే హల్లుల్లో క ఒకటి. ఙ 5, క 1, తేడా 4. ఒక్క ఆధారాన్ని నమ్మకండి, రెండోది కావాలి. ఫకు ఫ వత్తు ఉన్న తెలుగు మాట ఒకటి చెప్పండి చూద్దాం! ‘చూద్దాం’ అన్నాను కదా, జంట హల్లు తర్వాత ‘ఆం’ వస్తే ముందుగా తట్టాల్సింది ఆ ‘ద్దాం’. ఫ 22, ద 18. మళ్ళీ 4. ఇక సందేహం లేదు.

అన్నిటినీ నాలుగు స్థానాలు వెనక్కి నడపండి. ష 31 నుంచి 27కు వస్తే ర, మ 25 నుంచి 21కి వస్తే ప: రేపు. తర్వాతి మాటలో ‘ష్ప’ దగ్గర జాగ్రత్త. వత్తును కూడా విడిగా జరపాలి: ష పోయి ర, ప పోయి థ, కలిపితే ర్థ. కపిలతీర్థం! మన ఊరివాళ్ళకు ‘కపిల’ దాకా రాగానే మిగతాది తెలిసిపోతుంది, అయినా ప్రతి అక్షరం లెక్క చూసే రాయండి. మూడోది కాడ. ‘దగ్గర’ ఉంటుందని ముందే మనసులో పెట్టుకున్నవాళ్ళు ఇక్కడ తడబడతారు. రాసింది చిత్తూరు యాస పిల్లలని మరిచిపోకూడదు. నాలుగోది మీరే విప్పండి.

9వ శతాబ్దంలో బాగ్దాద్ పండితుడు అల్ కిందీ చెప్పిన ఉపాయం ఇంకొకటి ఉంది: ఏ అక్షరం ఎన్నిసార్లు వచ్చిందో లెక్కపెట్టి, ఆ భాషలో మామూలుగా ఎక్కువ వాడే అక్షరాలతో పోల్చడం. పేజీడు రాత ఉంటే దానికి తిరుగులేదు. మన చీటీలో ఉన్నవి పద్నాలుగు హల్లులు. ఙ మూడుసార్లు, ష, మ, స, ఫ రెండేసి సార్లు. ఇంత చిన్న లెక్కను నమ్ముకుంటే దారి తప్పుతాం. తెలుగు చీటీలకు నేనైతే ముందు ఙ, ఞ, ఝ, ఠ లాంటి అరుదైన అక్షరాలనే వెతుకుతాను.

అభ్యాసం:

ణంర్ఖఠిఖి ఞోన ళుంరఖ ఆఠు

జరిపిన సంఖ్య వేరు. తెలుగు మాట మొదట రాని అక్షరాలు ఇందులో ఒకటి కాదు, మూడున్నాయి. అచ్చు కదల్లేదు. ఖ దగ్గర తీసివేత సున్నా కంటే కిందికి పోతుంది, అప్పుడు 34 కలపండి. ఊరి పేరు ఒకటి వస్తుంది, తిరుపతికి దగ్గరే. జవాబు నాలుగో పాఠంలో ఇస్తాను. అందులో ఒక్కో అక్షరాన్ని ఒక్కో సంఖ్యతో జరిపిన చీటీ పడతాం, దాని ముందు ఈ ఙ చిట్కా పనిచేయదు.