స్పార్కింగ్ జీరోలో పెద్ద కోతి వెజీటాను ఎట్ల కొట్టాలంటే

డ్రాగన్ బాల్ అనిమే మీద వచ్చిన ఫైటింగ్ వీడియో గేమ్ స్పార్కింగ్ జీరో ఆడేవాళ్ళు నాకు తెలిసినంతలో శానా మంది ఒకే చోట ఇరుక్కుంటారు, హీరో గోకు కథ నడిచే ఎపిసోడ్‌లో విలన్ వెజీటా పెద్ద కోతిగా మారతాడు చూడండి, ఆడ. ఆట విడుదలైనప్పుడే 182 క్యారెక్టర్లు ఉన్నారు, ముందర ఫ్రీజా, సెల్, బూ లాంటి విలన్లు అందరూ కాసుకుని ఉన్నారు, వాళ్ళ దాకా పోనీకుండా ఈ కోతి వాకిట్లోనే అడ్డం కూర్చుంటాడు. మా చిన్నాన్న కొడుకు మొన్న ఎండాకాలం సెలవుల్లో రెండు రోజులు వరసగా వీడి చేతిలో తన్నులు తిని, కంట్రోలర్ సోఫాలో పడేసి "అన్నా నావల్ల కాదు, ఈ సీడీ ఎవరికన్నా అమ్మేస్తా" అన్నాడు. వాడి పక్కన కూర్చుని, నేనూ ఆడి, ఓడిపోయి, మళ్ళీ ఆడి, చివరికి గెలిచిన పద్ధతి ఇది. ఇరుక్కున్నవాళ్ళు ఇంగెవరైనా ఉంటే పనికొస్తుందని మొత్తం రాస్తాండా.

ముందు అసలు మనం ఎందుకు ఓడిపోతాన్నామో తెలుసుకోవాల. మనలో చాలామంది ఈ గేమ్‌కి పీఎస్2 మీద నుంచి వచ్చినోళ్ళం, కడపలో ఏడు రోడ్ల కాడ సందులో ఒక గేమ్ పార్లర్ ఉండేది, స్కూల్ వదిలినాక గంటకి ఇంతని కట్టి బుడోకాయ్ టెన్‌కైచి 3 ఆడేవాళ్ళం. అది 2007 గేమ్, దాని తర్వాత ఆ సిరీస్‌లో అసలైన కొత్త గేమ్ అంటే ఈ స్పార్కింగ్ జీరోనే, 2024 అక్టోబర్ 11న వచ్చింది, అంటే 17 ఏళ్ళు. ఆ పార్లర్‌లో మనకు అలవాటైంది ఏంది, ఎదుటోని మీదికి దూసుకుపోవడం, స్క్వేర్ బటన్ అరిగిపోయేదాకా గుద్దడం, వాడు ఎగిరిపడితే వెనకాలే పోయి మళ్ళీ గుద్దడం. మనిషి సైజు ఉన్నోని మీద అది బ్రహ్మాండంగా పనిచేస్తుంది, ఎందుకంటే దెబ్బ తగిలిన ప్రతిసారి వాడు తూలతాడు, తూలినోడు తిరిగి కొట్టలేడు.

కోతి తూలడు. అదే మొత్తం తేడా. పెద్ద సైజు క్యారెక్టర్లకు ఈ గేమ్‌లో కవచం ఉన్నట్టు లెక్క, మీరు మామూలు దెబ్బలు పది కొట్టినా వాడు కదలకుండా నిలబడి, ఆ దెబ్బలు తింటానే చెయ్యెత్తి మిమ్మల్ని ఒకటి పీకుతాడు, మీ పది దెబ్బలకి వానికి పోయే లైఫ్ కంటే వాని ఒక్క దెబ్బకు మీకు పోయేది ఎక్కువ. కొండను పొట్టేలు ఢీకొన్నట్టు ఉంటుంది. మావాడు రెండు రోజులు చేసింది ఇదే, దగ్గరికి పోవడం, గుద్దడం, చెంపదెబ్బ తిని అవతల కొండకు అతుక్కోవడం, లేచి మళ్ళీ దగ్గరికే పోవడం.

కాబట్టి ఈ ఫైట్‌లో మీకున్న ఆయుధం దూరం. గోకు చేతుల్లోంచి వదిలే వెలుగు దెబ్బ కమేహమేహా కూడా దూరం ఉంటేనే పనిచేస్తుంది.

అనిమే చూసినోళ్ళకి ఇది వెంటనే అర్థమవుతుంది. వెజీటా ఆకాశంలో ఉత్తుత్తి చంద్రుణ్ణి చేసి కోతిగా మారినాక గోకు వాడితో కుస్తీకి దిగలేదు, పరిగెత్తినాడు, సోలార్ ఫ్లేర్‌తో వాని కళ్ళు బైర్లు కమ్మేలా చేసి దూరంగా పోయి స్పిరిట్ బాంబ్‌కి శక్తి కూడగట్టుకోవాలని చూసినాడు. అప్పుడు కూడా వాడు మళ్ళీ మామూలు వెజీటాగా మారింది గోకు వైపోడు యాజిరోబే వెనక నుంచి వచ్చి తోక నరికితేనే. మనకి గేమ్‌లో యాజిరోబే వచ్చి సాయం చేస్తాడని కూర్చుంటే కుదరదు, కానీ గోకు చేసిన మొదటి పని మనం చెయ్యొచ్చు.

దూరం అంటే ఎంత దూరం అని మావాడు అడిగినాడు, మంచి ప్రశ్న. నేను చెప్పిన కొలత ఏందంటే, కోతి తల నుంచి పాదాల దాకా మొత్తం స్క్రీన్‌లో కనపడాల, చుట్టూ ఇంగా ఖాళీ ఉండాల. వాని కాళ్ళు మాత్రమే కనపడతాంటే, లేదా వాని ఛాతీ స్క్రీన్ నిండా ఉంటే మీరు చచ్చే దూరంలో ఉన్నారు, ఏం చేస్తాన్నా ఆపేసి ముందు బయటపడండి. మ్యాచ్ మొదలైన మొదటి సెకండ్‌లోనే ఈ పని చెయ్యాల, దెబ్బ కొట్టాలనే ఆశ పెట్టుకోవద్దు.

బయటపడేటప్పుడు నేరుగా వెనక్కి పోవద్దు. మా అమ్మమ్మ వాళ్ళ ఊరు ప్రొద్దుటూరు పక్కన పల్లె, ఆడ బండలాగుడు పోటీలకు ఎద్దుల్ని మేపుతారు, కోడె తిక్కరేగి మీదికొస్తే మా తాత ఎప్పుడూ వెనక్కి పరిగెత్తేవాడు కాదు, పక్కకు జరిగేవాడు, కోడె దాని ఊపులో అది ముందుకు పోయేది. ఈ కోతి కూడా అంతే. ఒళ్ళు పెద్దదని నిదానంగా ఉంటాడనుకోవద్దు, మీదికి దూసుకొస్తాడు, నోట్లోంచి పెద్ద వెలుగు కక్కుతాడు, ఆ వెలుగు నేరుగా వస్తుంది, మీరు నేరుగా వెనక్కి పోతే దాని దారిలోనే పోతాన్నట్టు. పక్కకు జరగండి, లేదా పక్కకు ప్లస్ పైకి. ఎక్కువసేపు డ్యాష్ (వేగంగా దూసుకుపోవడం) పట్టుకుని పోతే కీ, అంటే పెద్ద దెబ్బలకు వాడే శక్తి, కరిగిపోతుంది, కాబట్టి చిన్న చిన్న స్టెప్పులతో పక్కకు జరిగి, నిజంగా ప్రాణం మీదికి వచ్చినప్పుడే పెద్ద డ్యాష్ వాడండి. రాళ్ళు, గుట్టలు అడ్డం ఉంటే వాటి వెనకకు పోండి, దెబ్బ ఆ రాయి తింటుంది, కాకపోతే ఈ గేమ్‌లో రాళ్ళు పగిలిపోతాయి కాబట్టి అదే రాయిని నమ్ముకుని కాపురం పెట్టొద్దు.

(బటన్ల పేర్లు రాయట్లేదు ఎందుకంటే స్టాండర్డ్ అని క్లాసిక్ అని రెండు కంట్రోల్ టైపులు ఉన్నాయి, మీరు యాడ ఏది పెట్టుకున్నారో దాన్ని బట్టి మారతాయి, సెట్టింగ్స్‌లో చూసుకోండి. అసలు బేసిక్స్ రాకపోతే సూపర్ ట్రైనింగ్ అని ఒక మోడ్ ఉంది, పిక్కోలో గోహాన్‌కి నేర్పిస్తున్నట్టు ఉంటుంది, ఒక అర్ధగంట ఆడ కూర్చోండి, ఆ అర్ధగంట వృథా కాదు.)

ఇప్పుడు కీ సంగతి. కమేహమేహా కొట్టాలంటే కీ గడులు నిండాల, నింపాలంటే ఒకచోట నిలబడి చార్జ్ చెయ్యాల, నిలబడితే కోతి వచ్చి పీకుతాడు. ఇక్కడే అందరికీ ఓపిక పోతుంది. గేజ్ మొత్తం ఒకేసారి నింపాలని ఆశపడొద్దు. వాని దెబ్బ తప్పిపోయిన వెంటనే, వాడు మళ్ళీ తిరిగి మీ వైపు చూసేలోపు రెండు సెకండ్లు దొరుకుతాయి, ఆ రెండు సెకండ్లు చార్జ్, వాడు కదిలినాడు అంటే వదిలేసి పక్కకు. మళ్ళీ రెండు సెకండ్లు, మళ్ళీ పక్కకు. బిందెలో చెంబుతో నీళ్ళు పోసినట్టు కొంచెం కొంచెంగా నిండుతుంది, చూడ్డానికి బోర్ కొడుతుంది, కానీ మీ లైఫ్ బార్ పచ్చగా అట్లే ఉంటుంది, అది గమనించండి.

కమేహమేహా ఎప్పుడు కొట్టాలి అనేది దీంట్లో అసలైన విద్య. గేజ్ నిండింది కదా అని నిండిన వెంటనే కొడితే సగం సార్లు దెబ్బతింటారు, ఎందుకంటే గోకు చేతులు వెనక్కి పెట్టి కా-మే-హా-మే-హా అనేలోపు కోతి దగ్గర్లో ఉంటే ముందు వాని దెబ్బే తగులుతుంది. వాడు ఏదో ఒక పనిలో ఉన్నప్పుడు కొట్టాల. నేను ఎక్కువగా వాడింది నోటి వెలుగు. వాడు నోరు తెరిచి కక్కుతాన్నంత సేపు వేరే పని చెయ్యలేడు, ఆ టైంలో మీరు పక్కకు జరిగి ఉంటే, వెలుగు ఆగిపోయే చివరి క్షణంలో మీ కమేహమేహా మొదలు కావాల. అంత పెద్ద శరీరానికి గురి తప్పే ప్రశ్నే లేదు. రెండో అవకాశం, వాడు చెయ్యి విసిరి అది గాల్లో పోయినప్పుడు, కానీ అప్పటికి మీరు దూరంగా ఉండాల.

ఒక్కటి కొట్టినాక రెండోది కూడా వెంటనే కొడదాం అనిపిస్తుంది, గడులు మిగిలి ఉంటే ఇంగా ఎక్కువ అనిపిస్తుంది. వద్దు. ఒకటి కొట్టు, జరుగు, నింపు. మావాడికి ఇది చెప్పి చెప్పి నా గొంతు పోయింది.

కీ నిండినాక కూడా ఆపకుండా చార్జ్ చేస్తే స్పార్కింగ్ మోడ్ వస్తుంది, అల్టిమేట్ (అన్నిటికంటే పెద్ద దెబ్బ) కొట్టాలంటే ఈ మోడ్‌లో ఉండాల్సిందే. దీన్ని ఎప్పుడు వాడాలనే దాంట్లో నాకు గట్టి అభిప్రాయం ఉంది, మొదట్లో వాడొద్దు. కోతి లైఫ్ మూడో వంతుకు వచ్చేదాకా స్పార్కింగ్ గురించి ఆలోచించకండి, ఎందుకంటే అంతసేపు ఒకచోట నిలబడి చార్జ్ చెయ్యడం చాలా రిస్క్, ఆ రిస్క్ గెలిచే దెబ్బకే తీసుకోవాల. కమేహమేహాలతో వాణ్ణి కిందికి తెచ్చి, ఒక పెద్ద దెబ్బ తగిలి వాడు పడ్డప్పుడు గబగబా చార్జ్ చేసి స్పార్కింగ్‌కి పోయి, అల్టిమేట్‌తో ముగించండి. స్పార్కింగ్ వచ్చింది కదా అని మళ్ళీ దగ్గరికి పోయి గుద్దులాట మొదలుపెట్టొద్దు, గేజ్ కరుగుతానే ఉంటుంది, అయిపోతే చేతిలో ఏం మిగలదు.

పర్సెప్షన్ అనే కదలిక గురించి అందరూ చెప్తారు, అది వాడితే దెబ్బల్ని తప్పించుకుని తిరిగి కొట్టొచ్చు అని. నిజమే, కానీ అది పట్టుకున్నంతసేపు కీ తింటుంది, మనం చెంబు చెంబు పోసి నింపుకున్న కీ. ఈ ఒక్క ఫైట్‌లో నేను దాన్ని పెద్దగా వాడలేదు, మీకు టైమింగ్ బాగా వచ్చి ఉంటే వాడుకోండి. గార్డ్ (దెబ్బల్ని అడ్డుకోవడం) మాత్రం పట్టుకుని దగ్గర్లో నిలబడొద్దు, గ్రాబ్, అంటే చేత్తో పట్టేసుకోవడాన్ని గార్డ్ ఆపలేదు, కోతి చేతిలో దొరికితే ఎట్లుంటుందో ఒకసారి దొరికితే తెలుస్తుంది.

ఇంగొక విషయం, ఇది చాలామంది పట్టించుకోరు, టీవీ సెట్టింగ్. మావాడి ఇంట్లో టీవీ సినిమా మోడ్‌లో పెట్టి ఉండాది, మా చిన్నమ్మ సీరియల్స్ కోసం. అట్లాంటి మోడ్‌లలో టీవీ బొమ్మను నున్నగా చెయ్యడానికి కొంచెం టైం తీసుకుంటుంది, దాంతో మీరు బటన్ నొక్కినాక గోకు కదిలేదానికి తేడా వస్తుంది. పక్కకు జరిగినా దెబ్బ తగులుతాంది అని వాడు ఏడ్చేవాడు, నేను కూడా మొదట వాడిదే తప్పు అనుకున్నా. రిమోట్ తీసుకుని గేమ్ మోడ్ ఆన్ చేసినాం, అంతే, అదే పిల్లోడు, అదే చెయ్యి, జరిగితే జరుగుతాన్నాడు. మీరు పక్కకు జరగడంలో ఎప్పుడూ ఒక క్షణం లేటవుతాంటే మీ చేతిని తిట్టుకునే ముందు ఇది చూడండి.

చేతి సంగతి అంటే గుర్తొచ్చింది, మన కడప ఎండల్లో 40 డిగ్రీలు దాటినాక అరచేతులు చెమటకు తడిసి స్టిక్ మీద బొటనవేలు జారతాంటుంది. పక్కన ఒక పొడి టవల్ పెట్టుకోండి, ప్రతి ఓటమి తర్వాత చేతులు తుడుచుకోండి. మూడుసార్లు వరసగా ఓడిపోతే లేచి ఒక గ్లాసు మజ్జిగ తాగి రండి, కోపంలో ఆడితే మళ్ళీ దగ్గరికే పోతారు, నేను చూసినాను.

మావాడు గెలిచిన మ్యాచ్ చెప్తా. సాయంత్రం ఐదు, వాడు ఏం మాట్లాడట్లేదు, వాని లైఫ్ సగం కంటే కొంచెం తక్కువ ఉంది, కోతికి అటూ ఇటూ పావు వంతు. కోతి నోరు తెరిచినాడు. ఇంతకుముందైతే వీడు ఆడ గార్డ్ పట్టుకునేవాడు, ఈసారి ఎడమకు జరిగినాడు, ఇంగొక స్టెప్పు జరిగినాడు, వెలుగు వాని కుడి పక్క నుంచి పోయి వెనకాల గుట్టను పగలగొట్టింది. వెలుగు సన్నబడతాంటే కమేహమేహా మొదలుపెట్టినాడు, సరిగ్గా ఛాతీలో తగిలి కోతి వెల్లకిలా పడినాడు. "చార్జ్ రా చార్జ్" అని నేను అరుస్తాన్నా, వాడు అప్పటికే పట్టుకుని ఉన్నాడు. గేజ్ నీలంగా నిండింది, కోతి లేచి రెండడుగులు వేసినాడు, మూడో అడుగు పడేలోపు అల్టిమేట్. మా చిన్నమ్మ వంటింట్లోంచి ఏమైందిరా అని పరిగెత్తుకొచ్చింది, ఆ అరుపు అట్లా ఉండాది.

ఇన్ని చేసినా కాకపోతే డిఫికల్టీ ఈజీకి మార్చుకోండి, దాంట్లో తప్పేం లేదు. ఈ కథలో ముందర ఇంగా బాగుండే ఫైట్లు ఉన్నాయి, ఒక్క కోతి కోసం అవన్నీ వదులుకోవడం నాకైతే ఇష్టం లేదు. తర్వాత చెయ్యి తిరిగినాక వెనక్కి వచ్చి నార్మల్‌లో కొట్టుకోవచ్చు, కోతి యాడికీ పోడు.

చివరిగా ఒకటి. గెలిచినాక ఆనందంలో కంట్రోలర్ పడేసి బయటికి పోవద్దు, సేవ్ అవుతున్న గుర్తు తిరగడం ఆగేదాకా ఆగండి. నాకు ఒకసారి ఇట్లే వేరే ఫైట్ గెలిచిన పది సెకండ్లకు కరెంటు పోయింది, వచ్చి చూస్తే మళ్ళీ అదే బాస్ ఎదురుగా నిలబడి ఉన్నాడు. ఎండాకాలం మధ్యాహ్నం ఆడేవాళ్ళు ఇంట్లో ఇన్వర్టర్ లేకపోతే ఈ కోతిని రాత్రి పూట కొట్టండి.