అటక మీద గ్రామఫోన్ ప్లేట్లు దొరికాయా, ముందు ఆ స్పిరిట్ సీసా పక్కన పెట్టండి

పాత ట్రంకు పెట్టెలో ప్లేట్లు కనపడగానే ఎవరైనా చేసే మొదటి పని తుడవడం, నేనూ అదే చేశా, అదీ స్పిరిట్‌తో. గుడ్డ నల్లగా అవుతుంటే మట్టి వదుల్తోందని తెగ సంబరపడ్డా, తీరా చూస్తే కరుగుతోంది ప్లేటే. 78 స్పీడు ప్లేట్లు, అంటే నిమిషానికి 78 చుట్లు తిరిగేవి, లక్క, రాతిపొడి, మసి కలిపి అచ్చేసినవి, లక్క స్పిరిట్‌లో కరిగిపోతుంది. అందుకని మెత్తటి బ్రష్‌తో గాళ్ల వెంబడే గుండ్రంగా దుమ్ము తీయండి, మరీ జిడ్డుంటే డిస్టిల్డ్ వాటర్‌లో ఒక్క చుక్క డిష్‌వాష్ లిక్విడ్ వేసి తుడిచి, మళ్లీ ఉత్త నీళ్లతో తుడిచి ఆరబెట్టండి, లేబుల్ మాత్రం తడవకూడదు. ఆరాక పుస్తకాల్లా నిలబెట్టాలి, చేయి జారిందా, అప్పడమే.

ప్లే చేసే ముందే లేబుల్ ఫోటో తీయండి. లేబుల్ చుట్టూ గాళ్లు లేని నున్నటి చోట కూడా ఒక నంబరు ఉంటుంది, టార్చ్ ఏటవాలుగా వేస్తే కనపడుతుంది, అది ఆ రికార్డింగు నంబరు, దాన్ని రాసుకోండి. ఈ రాసుకోవడం దగ్గరే అందరూ బద్ధకిస్తారు, అసలు పని అదే. ఒక వైపు పట్టేది మూడు మూడున్నర నిమిషాలే కాబట్టి ప్లేటు మీద పాట, సినిమాలో పాట ఒకటే అవ్వాలని లేదు, ఒక చరణం ఎగిరిపోయి ఉండొచ్చు. అది తేలాలంటే థియేటర్లో అమ్మిన పాటల పుస్తకం కావాలి, కనపడితే చిత్తు కాగితాల్లో వేయకండి బాబూ, 1930ల సినిమాలు చాలావాటికి ప్రింట్లే లేవు, మిగిలింది ఆ పుస్తకమూ రెండు మూడు ప్లేట్లూ. తుప్పు పట్టిన పిన్నులు పీకేయండి, సెల్లోటేపు అంటించొద్దు, లామినేషన్ అసలే వద్దు.

ఇక రికార్డింగు. తాతగారి గ్రామఫోన్ మీద వేయకండి, ఆ స్టీలు ముల్లు ప్లేటుని అరగదీస్తుంది. 78 స్పీడున్న టర్న్‌టేబుల్, దానికి 78 ముల్లు కావాలి, ఎల్పీ (తర్వాత వచ్చిన 33 స్పీడు ప్లేటు) ముల్లు సన్నం, గాడి అడుగున చెత్తలో దేకుతుంది. ఆడాసిటీలో (కంప్యూటర్లో పాట రికార్డు చేసే సాఫ్ట్‌వేర్) 96 కిలోహెర్ట్జ్, 24 బిట్, వేవ్ ఫైల్‌గా ఎక్కించండి. గరగర తీసేయాలని చేతులు దురద పెడతాయి, ఆగండి, గరగరతో పాటు వయొలిన్ పైస్థాయి కూడా పోతుంది. మూలం మూలంగానే ఉంచి, కాపీ తీసి దాని మీద మీ ఇష్టం. వాట్సాప్‌లో తిరిగే "క్లీన్" ఎంపీత్రీలు చూడండి, ఎవరు పాడారో ఉండదు, ఏ ప్లేటో ఉండదు.

యూట్యూబ్‌లో పెట్టేముందు రెండు లెక్కలు చూసుకోండి. రికార్డింగు హక్కు విడుదలైన మరుసటి ఏడాది నుంచి 60 ఏళ్లు, అంటే 1962 రికార్డుకి 2022తో సరి. సాహిత్యం, బాణీ వేరే లెక్క, రాసినాయన, కట్టినాయన పోయాక ఇంకో 60 ఏళ్లు.